ఇంట్లోనే కారు హ్యాండ్ బ్రేకు సరిచేసుకోవడం: నట్టు ముట్టేముందు డ్రమ్ము చూడండి

హ్యాండ్ బ్రేకు లీవరు ఒకప్పుడు ఆరు టక్కులకే (లాగేటప్పుడు వినబడే ఒక్కో ‘టక్’ ఒక టక్కు) గట్టిగా పట్టేది, ఇప్పుడు పదకొండు పన్నెండు టక్కుల దాకా లాగితే గానీ కారు నిలబడడం లేదు అనుకోండి. అప్పుడు చాలామందికి మొదట తోచే వైద్యం లీవరు కింద ఉన్న, బ్రేకు కేబులును లాగి పట్టే నట్టును నాలుగు చుట్లు బిగించడం. పది నిమిషాల్లో తేలిపోయే పని అది. లీవరు వెంటనే గట్టిపడుతుంది, జబ్బు నయమైనట్టే అనిపిస్తుంది. ఈ వ్యాసంలోనూ ఆ నట్టు బిగిస్తాం గానీ, దాని దగ్గరికి చిట్టచివర వస్తాం. లీవరు అంత పైకి లేవడానికి అసలు కారణం చాలాసార్లు వెనుక చక్రాల డ్రమ్ముల్లో, అంటే చక్రంతో పాటు తిరిగే గుండ్రటి ఇనుప గిన్నెల్లో, ఉంటుంది; దాన్ని చూడకుండా కేబులు బిగిస్తే లోపం కనబడకుండా పోతుందే తప్ప తీరదు.

ఈ సంగతి నేను కాస్త ఖర్చుపెట్టి నేర్చుకున్నాను. మా అపార్టుమెంటు సెల్లారు ర్యాంపు మీద గేటు తెరుచుకునేదాకా ఆగినప్పుడు, హ్యాండ్ బ్రేకు వేసి ఉన్న కారు ఒక జానెడు వెనక్కి జారింది. మర్నాడు ఒక షెడ్డుకు తీసుకెళితే అక్కడి కుర్రవాడు నట్టు బిగించి, ఇంక కదలదు సార్ అన్నాడు. నిజంగానే కదలలేదు. మూడు వారాల తరవాత ఒక రోజు ఊరి నుంచి వచ్చి కారు దిగేసరికి కుడి వెనుక చక్రం దగ్గర లైనరు (బ్రేకు పడినప్పుడు డ్రమ్మును రాసుకునే పొర) కాలిన వాసన వచ్చింది. రిమ్ముకు అరచెయ్యి దగ్గరగా పెడితే పొయ్యి మీది పెనం సెగలా తగిలింది. రెండు డ్రమ్ములూ విప్పి చూస్తే, అరుగుదలకు తగ్గట్టు సర్దే అడ్జస్టరు తుప్పుపట్టి బిగుసుకుపోయినది ఎడమ చక్రంలో ఉంది. కుడిది నిక్షేపంగా ఉంది. ఎడమ పక్క వదులును కేబులుతో సర్దబోయినందువల్ల, లీవరు పూర్తిగా దించినా కుడి పక్క షూలు (లైనరు అంటించి ఉన్న విల్లు ఆకారపు రేకులు) డ్రమ్మును రాసుకుంటూనే ఉన్నాయి. జబ్బు ఒకరిది, మందు ఇంకొకరికి అన్నట్టు, బాగున్న చక్రమే కాలింది.

ఏ కార్లకు ఈ పద్ధతి పనికివస్తుంది

మన రోడ్ల మీద కనిపించే చిన్న కార్లలో ఎక్కువ వాటికి ముందు డిస్కు బ్రేకులు, వెనుక డ్రమ్ము బ్రేకులు ఉంటాయి. ఆల్టో, వేగన్ ఆర్ వంటివన్నీ ఈ కోవలోవే. రెండు సీట్ల మధ్య చేత్తో లాగే లీవరు, దాని నుంచి కారు కింద వెనక్కి వెళ్లే కేబుళ్లు, వెనుక రెండు డ్రమ్ములు ఉన్న కారు మీదైతే ఇక్కడ చెప్పేదంతా మీకు వర్తిస్తుంది.

లీవరుకు బదులు చిన్న మీట నొక్కితే మోటారు శబ్దంతో పట్టుకునే ఎలక్ట్రానిక్ పార్కింగ్ బ్రేకు ఉంటే మాత్రం దాని జోలికి వెళ్లకండి. అందులో చేత్తో సవరించే నట్టు ఉండదు, సర్వీసు చేసేముందు స్కానరుతో దాన్ని మరమ్మతు స్థితిలోకి తేవాలి, మధ్యలో మోటారు తిరిగితే వేళ్లు నలుగుతాయి. వెనుక కూడా డిస్కులే ఉండి, లీవరుతో పనిచేసే కార్లు రెండు రకాలు. కొన్నింటిలో కేబులు నేరుగా క్యాలిపరును, అంటే డిస్కును రెండు ప్యాడ్ల మధ్య నొక్కిపట్టే భాగాన్ని, లాగుతుంది. వాటిలో ప్యాడ్ల అరుగుదలను క్యాలిపరే సర్దుకుంటుంది కాబట్టి, లీవరు దించినప్పుడు క్యాలిపరు మీది చిన్న మీట పూర్తిగా వెనక్కి వచ్చి తన అడ్డుకు ఆనుతోందో లేదో చూసుకుని, కేబులు వదులు మాత్రం సవరిస్తే చాలు. మరికొన్నింటిలో డిస్కు మధ్యభాగం లోపల హ్యాండ్ బ్రేకు కోసమే ఒక బుల్లి డ్రమ్ము ఉంటుంది. దాని షూలు కాలి బ్రేకుతో కదలవు కాబట్టి పెడలు ఎంత తొక్కినా సర్దుకోవు, డిస్కుకు ఉన్న రంధ్రంలోంచి పళ్ల చక్రాన్ని తిప్పి చేత్తోనే సరిచేయాలి.

డ్రమ్ము లోపల జరిగేది

లీవరు లాగినప్పుడు కేబులు ఒక చిన్న ఇనుప మీటను లాగుతుంది. ఆ మీట వెనుక షూకు పైభాగంలో తగిలించి ఉంటుంది. అది కదులుతూ, రెండు షూల మధ్య అడ్డంగా ఉన్న కమ్మీని ముందు షూ వైపు నెడుతుంది. దాంతో రెండు షూలూ విచ్చుకుని డ్రమ్ము లోపలి గోడను అదుముకుంటాయి. కాలి బ్రేకు తొక్కినప్పుడు కదిలేదీ ఇవే షూలు. కాకపోతే అప్పుడు వాటిని నెట్టేది నూనె ఒత్తిడితో పనిచేసే వీలు సిలిండరు.

లైనర్లు అరిగేకొద్దీ షూకు డ్రమ్ముకు మధ్య ఎడం పెరగాలి. అది పెరగకుండా చూసేందుకే ఆ అడ్డకమ్మీలో సెల్ఫ్ అడ్జస్టరు ఉంటుంది. కాలి బ్రేకు తొక్కినప్పుడు షూలు మామూలుకంటే ఎక్కువ దూరం విచ్చుకోవలసి వస్తే, అడ్జస్టరు ఒక పన్ను ముందుకు జరిగి కమ్మీ పొడవు పెంచుతుంది. అది సరిగా పనిచేస్తున్నంతకాలం లైనరు సగం అరిగినా లీవరు టక్కుల సంఖ్య పెద్దగా మారదు. అందుకే టక్కులు పెరిగాయంటే అడ్జస్టరు బిగుసుకుపోయిందా, లైనరు పూర్తిగా అయిపోయిందా అని ముందుగా అనుమానించాలి. కేబులు సాగిందేమోనన్న అనుమానం ఆ తరవాతది. కొత్త కేబులు వేసిన తొలి రోజుల్లో అది కొంచెం సాగడం మాత్రం మామూలే.

ఇక్కడ ఇంకో మెలిక ఉంది. చాలా నమూనాల్లో ఆ మీట విశ్రాంతిలో ఉన్నప్పుడు షూ అంచుకు ఆనుకుని ఉంటేనే అడ్జస్టరు సరిగా పనిచేస్తుంది. కేబులు అతిగా బిగిస్తే మీట ఎప్పుడూ కొంత లాగబడే ఉంటుంది కాబట్టి అడ్జస్టరు పని ఆగిపోతుంది, కాలి బ్రేకు పెడలు కూడా మెల్లగా కిందికి దిగడం మొదలవుతుంది. హ్యాండ్ బ్రేకు కోసం చేసిన పని కాలి బ్రేకును పాడుచేయడమంటే ఇదే.

ముందుగా కొలత

పని మొదలుపెట్టే ముందు ఇప్పటి పరిస్థితి కొలిచి రాసుకోవాలి. చదునైన చోట కారు ఆపి, లీవరు పూర్తిగా దించి, కొన మీది బొత్తాము నొక్కకుండా మెల్లగా పైకి లాగుతూ టక్కులు లెక్కపెట్టండి. బొత్తాము నొక్కి లాగితే టక్కులు వినబడవు, లెక్క తప్పుతుంది. ఎంత బలంతో లాగాలన్నది కూడా ముఖ్యమే. మాన్యువళ్లలో సాధారణంగా 20 కిలోల బలం అని రాస్తారు; ఇంటికి వచ్చే 20 లీటర్ల మంచినీళ్ల టిన్నును ఒంటి చేత్తో నేల మీంచి లేపడానికి పెట్టే బలం దాదాపు అంతే. ఒకసారి ఆ టిన్ను లేపి చూసి వచ్చి లీవరు లాగితే చేతికి అంచనా దొరుకుతుంది. చాలా చిన్న కార్లలో నాలుగు నుంచి తొమ్మిది టక్కుల మధ్య పట్టాలని ఉంటుంది. మీ కారుకు కచ్చితమైన సంఖ్య మాన్యువల్లో చూసుకుని దాన్నే పాటించండి.

కొలిచేటప్పుడే డ్యాష్ బోర్డు మీది ఎర్ర బ్రేకు దీపాన్ని గమనించాలి. లీవరు మొదటి టక్కుకు అది వెలగాలి, పూర్తిగా దించగానే ఆరిపోవాలి. లీవరు దించినా వెలుగుతూనే ఉంటే, బానెట్టు తెరిచి బ్రేకు ఆయిలు డబ్బాలో మట్టం చూడండి, ఎందుకంటే చాలా కార్లలో ఆయిలు తగ్గినా వెలిగేది ఆ దీపమే. ఆయిలు తగ్గిందంటే లైనర్లో ప్యాడ్లో బాగా అరిగి ఉండాలి, లేదా ఎక్కడో కారుతూ ఉండాలి. రెండోదే అయితే హ్యాండ్ బ్రేకు సంగతి పక్కనపెట్టి కారును మెకానిక్కుకు అప్పగించాలి.

కారు ఎత్తడం

ఈ పనిలో ప్రాణానికి ముప్పు ఉన్న ఘట్టం ఇది ఒక్కటే కాబట్టి ఇక్కడ తొందర పనికిరాదు. కారుతో వచ్చే కత్తెర జాకీ చక్రం మార్చడానికి పనికివస్తుంది గానీ, దాని మీద కారును నిలబెట్టి పనిచేయడానికి కాదు. రెండు జాకీ స్టాండ్లు (ఎత్తిన కారు బరువు మోసే ఇనుప కాళ్లు) కొనండి, లేదా ఎవరి దగ్గరైనా తెచ్చుకోండి. ఇటుకలు, సిమెంటు దిమ్మలు పేర్చి వాటి మీద నిలబెట్టేవారిని చాలాచోట్ల చూస్తాం. బరువు ఒక మూల మీద పడితే అవి చెప్పాపెట్టకుండా పగిలిపోతాయి. నేల గట్టిగా, చదునుగా ఉండాలి. మే నెల మధ్యాహ్నం తారు మెత్తబడి స్టాండు కాళ్లు దిగబడతాయి. మట్టి వాకిలి సంగతి చెప్పనే అక్కర్లేదు. స్టాండు కింద మందపాటి ప్లైవుడ్ ముక్క వేసుకోవడం మంచిది.

ముందు చక్రాలతో నడిచే కారైతే మొదటి గేరులో, ఆటోమేటిక్కయితే పార్కులో పెట్టి, ముందు చక్రాలకు రెండు వైపులా అడ్డు చెక్కలు గట్టిగా దూర్చండి. హ్యాండ్ బ్రేకు పట్టేది వెనుక చక్రాలనే. వాటినే గాలిలోకి ఎత్తి, పైగా లీవరు కూడా దించబోతున్నాం కాబట్టి, ఇక కారును పట్టి ఉంచేవి ఈ గేరూ, అడ్డు చెక్కలూ మాత్రమే. ఈకో, పాత అంబాసిడర్ వంటి వెనుక చక్రాలతో నడిచే బళ్లలో సంగతి వేరు. గేరు వేస్తే వెనుక చక్రాలు తిరగవు, అవి తిరగకపోతే పని జరగదు, కాబట్టి న్యూట్రల్లో పెట్టక తప్పదు. అప్పుడు భారమంతా అడ్డు చెక్కల మీదే ఉంటుంది. అలాంటి బండిని రవ్వంత వాలు ఉన్నచోట కూడా ఎత్తకూడదు.

చక్రాలు నేల మీద ఉండగానే వీల్ పానాతో వెనుక నట్లను అర చుట్టు వదులు చేయండి. తరవాత మాన్యువల్లో చూపిన గుర్తు దగ్గరే జాకీ పెట్టి ఎత్తి, స్టాండు పెట్టి, కారు బరువు స్టాండు మీదికి దించండి. రెండో పక్కా అంతే. చెయ్యి వేసి కారును అటూ ఇటూ ఊపి చూడండి, స్టాండ్ల మీద కదలకుండా ఉంటేనే చక్రాలు ఊడదీయండి. ఊడదీసిన చక్రాన్ని, స్టెప్నీని చెరో పక్క కారు అంచు కిందికి తోసి ఉంచితే, స్టాండు జారినా కారు వాటి మీద ఆగుతుంది. ఇప్పుడు లీవరు పూర్తిగా దించండి.

కేబులు వదులు చేసి, డ్రమ్ము విప్పడం

లీవరు కిందిభాగంలో, రబ్బరు తొడుగు కిందో, సీట్ల మధ్య ఉండే ప్లాస్టిక్ పెట్టె వెనుక చిన్న మూత కిందో కేబులు కొసన మర ఉన్న కడ్డీ, దాని మీద సర్దుబాటు నట్టు కనిపిస్తాయి. చాలా చిన్న కార్లలో దానికి 10 మిల్లీమీటర్ల సాకెట్టు సరిపోతుంది. కడ్డీ పొడవుగా బయటికి వచ్చి ఉంటే లోతైన సాకెట్టు కావాలి. దాని మీద లాకు నట్టు ఉంటే ముందు దాన్ని వదులు చేయాలి. మరల మీద తుప్పు వదిలించే నూనె రెండు చుక్కలు వేసి, పది నిమిషాలు ఆగి, కేబులు వేలాడేంత వదులయ్యేదాకా నట్టు వెనక్కి తిప్పండి. బిగించాలని మొదలుపెట్టి వదులు చేయమంటారేమిటని అనిపించవచ్చు. డ్రమ్ములో షూలను సర్దేటప్పుడు కేబులు లాగుడు వాటి మీద ఏమాత్రం ఉండకూడదు, అందుకు.

తరవాత డ్రమ్ము. డ్రమ్ము ముఖం మీద మర ఉన్న రెండు చిన్న రంధ్రాలు కనిపిస్తే, వాటిలోకి సరిపోయే బోల్టులు (సాధారణంగా 8 మిల్లీమీటర్లవి) రెండిటినీ మార్చి మార్చి కొంచెం కొంచెంగా బిగిస్తూ పోతే డ్రమ్ము తనంతట తనే బయటికి వస్తుంది. చుట్టూ రబ్బరు సుత్తితో తడుతూ ఉంటే తుప్పు వదులుతుంది. అంచులో స్క్రూ డ్రైవరు దూర్చి పెకిలించకండి, డ్రమ్ము వెనుక ఉండే రేకు వంగుతుంది. రంధ్రాలు లేకుండా, మధ్యలో గుండ్రటి మూత, దాని వెనుక పెద్ద నట్టు ఉంటే ఆ డ్రమ్ములోనే బేరింగు ఉందని అర్థం. దాన్ని విప్పితే మళ్లీ బిగించేటప్పుడు టార్క్ రెంచితో (బిగువును కొలిచి చూపే పానాతో) కచ్చితమైన బిగువు ఇవ్వాలి. ఆ రెంచి, మాన్యువల్లోని సంఖ్య రెండూ చేతిలో లేకపోతే ఆ పని మెకానిక్కుకు వదిలేయండి.

ఒక సమయంలో ఒక డ్రమ్మునే విప్పండి. రెండోది విప్పకుండా ఉంటే, ఏ స్ప్రింగు ఎటు ఉండాలో అనుమానం వచ్చినప్పుడు దాన్ని తీసి చూసుకోవచ్చు. డ్రమ్ము బయట ఉండగా ఎవరూ బ్రేకు పెడలు తొక్కకూడదు. తొక్కితే అడ్డుకునే గోడ లేక వీలు సిలిండరు పిస్టన్లు బయటికి వచ్చేస్తాయి, ఆయిలంతా షూల మీద పోతుంది. ఇంట్లో పిల్లలుంటే కారు తలుపులు లాకు చేసి ఉంచండి.

లోపలి నల్లటి పొడిని నోటితో గాని, గాలి పంపుతో గాని ఊదకూడదు. పాత లైనర్లలో ఆస్బెస్టాస్ ఉండేది. కొత్తవాటి పొడి కూడా ఊపిరితిత్తులకు మేలు చేసేది కాదు. మాస్కు పెట్టుకుని, బ్రేకు క్లీనరు చల్లి తడిపి, తడిగుడ్డతో తుడవాలి. ఆ గుడ్డను కవరులో కట్టి పారేయాలి.

అసలు చూడవలసినది ఇప్పుడు కనిపిస్తుంది. టార్చి వేసి లైనరు మందం చూడండి. చాలా చిన్న కార్లకు కంపెనీ చెప్పే హద్దు 1 మిల్లీమీటరు. 2 మిల్లీమీటర్లకు దిగితే ఎలాగూ విప్పాం కదా అని నేను మార్చేస్తాను. మార్చాల్సి వస్తే రెండు చక్రాలకూ కలిపే మార్చాలి. లైనరు మీద తడి మరక ఉంటే వీలు సిలిండరు రబ్బరు తొడుగు అంచు మెల్లగా ఎత్తి చూడండి. అక్కడ ఆయిలు కనిపిస్తే సిలిండరు పోయినట్టే. ఆయిలు తాగిన లైనరును పెట్రోలుతో కడిగినా, ఎండలో పెట్టినా మళ్లీ పనికిరాదు. డ్రమ్ము లోపలి వ్యాసానికి గరిష్ఠ హద్దు డ్రమ్ము మీదే పోతపోసి ఉంటుంది. లోపలి గోడ చివర వేలికి తగిలే మెట్టు లేచి ఉంటే డ్రమ్ము బాగా అరిగిందన్నమాట.

తరవాత ఆ మీట. వెనుక షూ పక్కన, కేబులు కొస తగిలించిన ఇనుప పట్టీని వేళ్లతో ముందుకు లాగి వదలండి. స్ప్రింగు దాన్ని చటుక్కున వెనక్కి తెచ్చి షూ అంచుకు ఆనించాలి. మా కారు ఎడమ చక్రంలో అది వెనక్కి రావడానికి సగం దూరం వచ్చి, ముసలాయన కుర్చీలో కూర్చున్నట్టు ఆగి ఆగి కూలబడింది. కేబులు తొడుగులోకి నీళ్లు చేరి లోపల తుప్పుపట్టిందన్నమాట. రెండు వానాకాలాలు బయట నిలిపిన కార్లలో ఇది సర్వసాధారణం. అలాంటి కేబులులో నూనె పోసి నడిపిస్తే నాలుగు నెలలు నడుస్తుంది గానీ, చివరికి మార్చక తప్పదు. పోగులు తెగి ముళ్లలా లేచిన కేబులును ఒక్కరోజు కూడా ఉంచకూడదు.

అడ్జస్టరు మీద తుప్పు ఉంటే ఇత్తడి బ్రష్షుతో రుద్ది, పళ్లు వేలితో కదిలించి, సాఫీగా జరిగేదాకా శుభ్రం చేయాలి. ఇందుకోసం షూలు విప్పాల్సి వస్తే ముందు ఫోనుతో నాలుగైదు కోణాల్లో ఫొటోలు తీసుకోండి. ఎడమ అడ్జస్టరు, కుడి అడ్జస్టరు ఒకదానికొకటి అద్దంలో బింబాల్లా ఉంటాయి. తారుమారైతే తిరగవలసిన దానికి ఎదురు తిరుగుతాయి. షూలు వెనుక రేకుకు రాసుకునే చోట్ల, వేడికి కరగని బ్రేకు గ్రీజు బియ్యపు గింజంత చొప్పున రాయండి. లైనరు మీద, డ్రమ్ము గోడ మీద గ్రీజు వేలిముద్ర కూడా పడకూడదు.

షూలను డ్రమ్ముకు దగ్గర చేయడం

శుభ్రం చేశాక డ్రమ్ములు రెండూ ఎక్కించి, కదలకుండా ఉండేందుకు రెండేసి వీల్ నట్లతో బిగించండి. ఇక్కడి నుంచి మీ కారులో ఉన్నది ఏ రకం అడ్జస్టరో దాన్నిబట్టి పని మారుతుంది.

పళ్ల కమ్మీతో తనంతట తానే సర్దుకునే రకమైతే, డ్రైవరు సీట్లో కూర్చుని బ్రేకు పెడలును పది పదిహేనుసార్లు, ప్రతిసారీ పూర్తిగా వదులుతూ, గట్టిగా తొక్కండి. ఇంకొకరిని వెనుక చక్రం దగ్గర కూర్చోబెడితే, మొదటి కొన్ని తొక్కుళ్లకు లోపల టిక్కుమని పన్ను జరిగిన శబ్దం వారికి వినబడుతుంది. శబ్దం ఆగిందంటే షూలు డ్రమ్ముకు దగ్గరగా చేరాయని అర్థం. ఒక పక్క వినబడి ఇంకో పక్క అసలు వినబడకపోతే ఆ రెండో పక్క అడ్జస్టరు ఇంకా బిగుసుకునే ఉండవచ్చు, డ్రమ్ము మళ్లీ విప్పి చూడాలి.

పళ్ల చక్రం ఉన్న రకమైతే వెనుక రేకుకు రబ్బరు బిరడా పెట్టిన చిన్న కన్నం ఉంటుంది. బిరడా తీసి, సన్నటి స్క్రూ డ్రైవరుతో చక్రాన్ని ఒక్కో పన్ను చొప్పున తిప్పుతూ డ్రమ్మును చేత్తో తిప్పి చూడండి. డ్రమ్ము పూర్తిగా పట్టేసేదాకా బిగించి, తరవాత అది స్వేచ్ఛగా తిరుగుతూ, లైనరు అక్కడక్కడ సన్నగా ‘స్ స్’మని తాకేంత వరకు వెనక్కి తిప్పాలి. వెనక్కి తిప్పేటప్పుడు చక్రాన్ని పట్టుకుని ఉన్న చిన్న రేకును మరో సన్న కడ్డీతో పక్కకు నెట్టి పట్టుకోవాలి, లేకపోతే పళ్లు అరుగుతాయి. పళ్ల లెక్క రెండు పక్కలా ఒకటే రావాలన్న నియమం లేదు. డ్రమ్ము తిరిగే తీరు ఒకేలా ఉండాలి. బిరడా మళ్లీ పెట్టడం మరిచిపోతే వానాకాలంలో బురదనీళ్లు నేరుగా లోపలికి పోతాయి.

నాకు తెలిసిన కార్లలో సగానికి పైగా ఇక్కడితోనే బాగుపడ్డాయి. నట్టును మునుపున్న చోటికి తెచ్చేసరికే లీవరు ఏడో టక్కుకు పట్టింది.

చివరకు నట్టు

ముందుగా లీవరును నాలుగైదుసార్లు గట్టిగా లాగి వదలండి. కేబులు తన తొడుగుల్లో సర్దుకుంటుంది. ఆ తరవాత నట్టును అర చుట్టు చొప్పున బిగిస్తూ, ప్రతిసారీ నీళ్ల టిన్ను బలంతో లాగి టక్కులు లెక్కపెట్టండి. మాన్యువల్లో చెప్పిన హద్దుల మధ్యకు రాగానే ఆపాలి. నాలుగుకో అయిదుకో తెస్తే ఇంకా గట్టిగా ఉంటుందన్న ఆశ కలుగుతుంది గానీ, నేను మధ్యస్థంగా ఆరేడు టక్కుల దగ్గర ఆపుతాను. లీవరు దించినప్పుడు మీటలు షూ అంచుకు పూర్తిగా ఆనేందుకు కేబులుకు కొంత వదులు కావాలి.

లీవరు పూర్తిగా దించి వెనుక డ్రమ్ములు రెండింటినీ చేత్తో తిప్పండి. ఒక తోపుకు తేలిగ్గా తిరగాలి. తరవాత ఒకరు లీవరును ఒక్కో టక్కు లాగుతుంటే మీరు డ్రమ్ములు తిప్పి చూడండి: ఒకటి రెండు టక్కులకు తేడా ఉండకపోవచ్చు, మూడు నాలుగుకు బరువెక్కుతాయి, ఆరేడుకు రెండు చేతులతో తిప్పినా కదలవు. ఈ మార్పు రెండు డ్రమ్ముల్లో ఒకే టక్కు దగ్గర రావాలి. ఒకటి ముందు, ఒకటి వెనుక వస్తే, రెండు కేబుళ్లను కలిపి లాగే సమతూకపు పట్టీ వంకరగా నిలిచిందేమో చూడండి. అది సరిగానే ఉంటే, ఆలస్యంగా పట్టిన పక్క డ్రమ్ములోకే మళ్లీ వెళ్లాలి. నట్టుతో ఆ తేడా తీరదు. అంతా సరిపోయాక లాకు నట్టు బిగించి, చక్రాలు ఎక్కించి, కారు దించి, వీల్ నట్లను ఒకదానికి ఎదురుగా ఉన్నదాన్ని చొప్పున చివరి బిగింపు బిగించండి.

రోడ్డు మీద పరీక్ష

బయలుదేరే ముందు ఆగి ఉన్న కారులోనే పెడలు తొక్కి చూడాలి. అది గట్టిగా, ఎత్తులోనే ఆగాలి. మెత్తగా కిందికి దిగితే కారు కదపవద్దు.

మన దేశంలో కేంద్ర మోటారు వాహనాల నిబంధనలు, 1989లోని 96వ నిబంధన కాలి బ్రేకుతో పాటు పార్కింగ్ బ్రేకును కూడా విడిగా, సమర్థంగా పనిచేసే వ్యవస్థగా ఉంచాలంటుంది. అంతర్జాతీయంగా కార్ల తయారీకి ప్రమాణంగా వాడే ఐక్యరాజ్య సమితి 13-హెచ్ నిబంధన ప్రకారం, నిండా బరువు వేసిన కారును 20 శాతం వాలు మీద, అంటే అడ్డంగా అయిదు మీటర్లకు ఒక మీటరు లేచే ఎత్తు మీద, ఎటు ముఖం పెట్టి నిలిపినా పార్కింగ్ బ్రేకు ఒక్కటే పట్టి ఉంచగలగాలి. చేతి లీవరుకు పెట్టే బలం 400 న్యూటన్లు, అంటే సుమారు 40 కిలోలు దాటకూడదు. ఇంటి దగ్గర అంత వాలు వెతకనక్కర్లేదు. జనం, బళ్లు తిరగని ఒక ర్యాంపు చాలు. పైకి ముఖం పెట్టి ఒకసారి, కిందికి ముఖం పెట్టి ఒకసారి ఆపి, లీవరు లాగి, న్యూట్రల్లో ఉంచి, కాలు పెడలు మీద తేలిగ్గా ఆనించి ఉంచుతూనే ఒత్తిడి వదలండి. కారు ఒక్క అంగుళం సర్దుకుని నిలబడితే ఫరవాలేదు. ఆగకుండా పాకుతూ ఉంటే వెంటనే తొక్కి, మళ్లీ మొదటికి వెళ్లాలి. కారు పరుగెత్తుతుండగా లీవరు లాగి పరీక్షించేవారున్నారు. అది చేయకండి, వెనుక చక్రాలు బిగిస్తే కారు పక్కకు తిరిగిపోతుంది.

చివరిగా పది కిలోమీటర్లు, పదే పదే బ్రేకు వేయనవసరం లేని దారిలో మామూలుగా నడిపి రండి. దిగగానే వెనుక రిమ్ములకు అంగుళం దూరంలో అరచెయ్యి పెట్టి చూడండి, ముట్టుకోకండి. రెండూ ఒకే గోరువెచ్చన ఉంటే సరే. ఒకటి సెగ కొడుతూ ఉంటే ఆ పక్క షూ రాసుకుంటోందని అర్థం. నట్టు ఒక చుట్టు వదులు చేసి మళ్లీ నడిపి చూసి, అప్పటికీ తగ్గకపోతే ఆ డ్రమ్మును విప్పాలి. ఆ రోజు వచ్చిన టక్కుల సంఖ్య, తేదీ, కిలోమీటర్ల రీడింగు ఒక కాగితం మీద రాసి గ్లవ్ బాక్సులో పెట్టండి. మా కారు కాగితం మీద ఏడు అని ఉంది. వారం తరవాత లెక్కపెడితే ఎనిమిది వచ్చింది, నట్టు అర చుట్టు బిగించాను, ఆ తరవాత ఏడు మారలేదు.